గోడవైపు తిప్పిన బొమ్మ

“ఈ బొమ్మ మీరు వేసిందేనని కాగితం మీద సంతకం పెట్టండి. అది లేనిదే ఎవరూ కొనరు,” అన్నాడు గ్యాలరీ యజమాని. బొమ్మ మీది సంతకం చూసి గీసే వీల్లేకుండా దాన్ని గోడవైపు తిప్పేశాడు.

చిత్రకారుడు చెమటలు కక్కుతూ మూడుసార్లు పెట్టాడు. ఒక్కటీ బొమ్మ మీది సంతకంతో కలవలేదు.

“ఎవరిది ఎత్తుకొచ్చావయ్యా? పోలీసుల్ని పిలవమంటావా?”

చిత్రకారుడు కాళ్ల మీద పడ్డంత పని చేశాడు. “నాదేనండీ, ఒట్టు! నాకు అక్షరం ముక్క రాదు. పెళ్లయినప్పట్నుంచీ ప్రతి బొమ్మ మీదా నా పేరు రాసేది మా ఆవిడే.”

“అయితే ఆవిణ్నే తీసుకురా. నా ముందు సంతకం పెట్టమను.”

“ఆసుపత్రిలో ఉందండీ. ఆవిడ వైద్యానికే ఇది అమ్ముతున్నా. పక్షవాతం... పడిపోయింది ఆ కుడిచెయ్యేనండీ.”