గడపరాయి

సత్యవేడు దగ్గర మాత గుడి గడప మీద ఎవరో ముసలాయన అడ్డంగా పడుకుని ఉన్నాడు.

మిట్టమధ్యాహ్నం. గ్రానైట్ పలకల ట్రాక్టరు వచ్చి వాకిట్లో ఆగింది.

సంఘపెద్ద రాజారత్నానికి ఒళ్లు మండింది. ఎల్లుండే గుడి పండగ. బిషప్పుగారు వస్తున్నారు. నూటయాభై ఏళ్ల కిందట ధాత కరువులో కట్టిన గుడికి పెళ్లికళ తేవాలని ఆయన పంతం. అరిగి గుంటపడిన ఆ పాత గడపరాయిని చూస్తేనే ఆయనకు నామోషీ.

"లెయ్ పెద్దాయనా! పండుకోను ఇదేనా తావు?"

"ఇదే నా తావప్పా."

ముసలాయన కదల్లేదు. డొక్కలు లోపలికి అంటుకుపోయి ఉన్నాయి. మోచేతుల దాకా ఎండిన సున్నం.

సరేలెమ్మని రాజారత్నం పంచె ఎగగట్టి దాటబోయాడు.

"దాటొద్దప్పా. తొక్కి పో."

రాజారత్నం కాలు గాల్లోనే ఆగింది. తనను తొక్కమనే మనిషిని ఆయన పుట్టి బుద్ధెరిగాక చూడలేదు. తాగాడేమోనని వంగి వాసన చూశాడు. తడిమట్టి వాసన తప్ప ఇంకేమీ రాలేదు.

"ఈ రాయి పీకేస్తా ఉండాం. పక్కకు పో."

"ఈ పండగ కానియ్ నాయనా. ఇంగొక్క పండగే. జనం తొక్కి పోతే నాకు సాలు. తర్వాత నీ ఇష్టం."

"బిషప్పుగారి ముందర గుంటరాయి పెట్టమంటావా? లెయ్!"

చెయ్యి పట్టి లాగాడు. ఖాళీ గోనెసంచి లేచినట్టు లేచాడు ముసలాయన. నిప్పులు కక్కే ఎండలో ఆ చెయ్యి చల్లగా ఉంది. రాజారత్నం చటుక్కున వదిలేశాడు. భయమేస్తే కోప్పడటం పెద్దమనుషులకు అలవాటే కదా, ఆయనా గట్టిగా కసిరాడు.

ముసలాయన ఏడుస్తూ గోడవారగా నడిచి మలుపు తిరిగాడు.

మేస్త్రీ మునిరత్నం గడ్డపార దించాడు. రాయి పెళ్లున రెండుగా చీలింది.

కింద మనిషి ఎముకలు. వెల్లకిలా, గడపకు అడ్డంగా.

రాజారత్నం గుడి చుట్టూ పరిగెత్తాడు. ముసలాయన లేడు. ఇసుకలో తన అడుగులే ఉన్నాయి.

సంగతి తెలిసి, ఊళ్లో అందరికన్నా పెద్దదైన దేవకమ్మవ్వ కర్ర పోటేసుకుంటూ వచ్చింది. చీలిన రాయి పక్కనే కూలబడింది.

"పగలగొట్టేసినారా? అయ్యో! దీని మీద సిలువ సెక్కిండిరి. అరిగి అరిగి గోరంత గీత మిగిలుండె."

"ఎవురవ్వా ఈయప్ప?" అడిగాడు రాజారత్నం.

"ఈ గుడి కట్టిన మేస్త్రీ. కరువులో కూలోళ్లకు కాసే గంజి ఒక ముంత దొంగిలించినాడు. గుడి కట్టించిన తెల్లసామి క్షమించినా ఆయప్ప మనసొప్పలా. సచ్చినాక నన్ను గడప కింద పూడ్సండి, ఊరంతా నన్ను తొక్కల్ల, ఆ సిలువ పూరా అరిగిపోయిన దినం లోపలికొస్తా అనినాడంట. ఈ ఊర్లో ఒక ఇంటోళ్లకు తలవంపని, యాడా సెప్పొద్దని మా అవ్వ నాతో ఒట్టేయించుకునింది."

రాజారత్నం గోడ మలుపు వైపు చూశాడు. ఒక్క పండగ ఆగితే తన సొమ్మేం పోయేది? ఏడిపించి మరీ పంపాడు.

"ఒక ముంత గంజికి ఇంత శిక్షా అవ్వా? అంత ఆకలేసిందా ఆయప్పకు?"

"ఆయప్ప తాగలేదురా. తల్లి లేని పసిబిడ్డకు పోసినాడు." దేవకమ్మవ్వ తలెత్తి ఆయన ముఖంలోకి చూసింది. "ఆ బిడ్డే మీ ముత్తాత, నీకు పెట్టింది ఆయన పేరే."