ఇలారియా జోడుమర

“ఈ చోటు ఖాళీగా ఉంది,” అన్నాడు ఇన్‌స్పెక్టర్ ఎవారిస్తో, ఆ చోట్లో కూర్చున్న ఇలారియా మొహం మీదే.

“నేను కనిపించడం లేదా బాబూ?”

“నువ్వు కనిపిస్తే ఎవడికి కావాలి? కాగితంలో ఏముందన్నదే లెక్క. మునిసిపాలిటీ ముద్ర చూసుకో. ఇక్కడ ఎవరూ లేరని రాసుంది. అందుకే ఈ చోటు మా మరదలికి ఇచ్చేశాం. సామాను ఎత్తెయ్.”

ఆలాసితా సంత ఆ రోజే మొదలు. మధ్యాహ్నం పన్నెండు గంటలు కొట్టేసరికి ఊరు ఊరంతా తమ కోరికను బొమ్మగా కొనుక్కుని, ఎకేకో దేవుడి ముందు పైకెత్తి పట్టుకోవాలి. అలా పట్టుకుంటే ఆ బొమ్మ ఏడాదిలో నిజమవుతుందని నమ్మకం. ఇల్లు కావలసినవాళ్లు అగ్గిపెట్టెంత ఇల్లు, లారీ కావలసినవాళ్లు బొటనవేలంత లారీ. ఇలారియా అమ్మేవి మాత్రం కాగితాలు. తపాలా బిళ్లంత పెళ్లిపత్రాలు, డిగ్రీ పట్టాలు, ఉద్యోగపు ఉత్తర్వులు. ఈ సంతలో అమ్ముకున్నదే ఆమెకు ఏడాది తిండి. ఈ చోటు పోతే ఇంట్లో పొయ్యిలో పిల్లి లేవదు.

“లేవను,” అంది ఇలారియా. టోపీ సర్దుకుని, కుచ్చుల లంగా పరుచుకుని ఇంకాస్త గట్టిగా చతికిలబడింది.

“పోలీసుల్ని పిలవమంటావా?”

“పిలుచుకో. బ్యాండు మేళాన్ని కూడా పిలుచుకో, సందడిగా ఉంటుంది.”

చుట్టూ ఉన్న అంగళ్లవాళ్లు గొల్లున నవ్వారు. ఎవారిస్తో మీసాలు వణికాయి. కోపం వస్తే ఆయనకు ముందు వణికేవి అవే.

ఇలారియా శాలువాలోంచి గుప్పిట్లో పట్టేంత ఇత్తడి అచ్చుమర తీసింది. సంతలో అందరూ దాన్ని జోడుమర అంటారు. కాగితంలో ఒకటి, లోకంలో ఒకటి ఉంటే దానికి గిట్టదు. రెంటిలో ఏదో ఒకదాన్ని మార్చి జోడు కలిపితేగాని ఊరుకోదు. ఏది మారుస్తుందన్నది మాత్రం దాని ఇష్టం.

“ఇలా తే నీ కాగితం,” అంది.

పక్క అంగడి బాసిలియా గుండె బాదుకుంది. “వద్దక్కా! ఎవరూ లేరని రాసుంది దాంట్లో. కాగితాన్ని వదిలేసి నిన్ను చెరిపేస్తే?”

“చెరిపితే చెరపనీ. బతికుండి కూడా లేనని ఒప్పుకోవడం కంటే అదే నయం.”

ఎవారిస్తో కాగితం ఆమె ఒళ్లో పడేశాడు. “కానియ్, కానియ్. నిన్ను లేపే పని నాకు తప్పుతుంది.”

ఇలారియా దాన్ని మడిచి మర నోట్లో పెట్టి పిడి నొక్కింది. మర గుర్రుమంది. ఆమె వేళ్లు గాజులా పలచబడి, వాటి వెనక నేల మీద పరిచిన రాళ్లు కనిపించాయి. బాసిలియా కెవ్వుమంది. ఇలారియాకు భయం వేసింది, కానీ పిడి వదల్లేదు.

“ఉన్నానే! ఎందుకు లేను? ఇదిగో, ఇక్కడే కూర్చున్నాను!” అని మర మీద అరిచింది.

మర ఇంకోసారి గుర్రుమని కాగితాన్ని ఉమ్మేసింది. ముద్ర కింద అక్షరాలు చీమల్లా పాకి కొత్త వరుసలో సర్దుకున్నాయి. ‘ఈ చోటు ఇలారియాది.’

సంతంతా చప్పట్లు కొట్టింది. ఎవారిస్తో చెవికి అవేవీ ఎక్కలేదు. ఆయన మర వంకే చూస్తున్నాడు. మునిసిపాలిటీ రాతనే తిరగరాసిన మర! మేయరు ముందు చేతులు కట్టుకుని నిలబడీ నిలబడీ విసిగిపోయిన మనిషికి నోరూరకుండా ఎలా ఉంటుంది?

“దీన్ని స్వాధీనం చేసుకుంటున్నాను,” అని మరను లాక్కున్నాడు. ఆ చేత్తోనే ఆమె బల్ల మీంచి మేయరు పదవి ఉత్తర్వు ఒకటి లాగాడు. అదీ తపాలా బిళ్లంతే ఉంది.

“మేయరు కావాలంటే అడుగయ్యా, ఇస్తాను,” అంది ఇలారియా. “ఈ సంతలో చేత్తో ఇచ్చినదే పెరుగుతుంది. లాక్కున్నది ఎంతుందో అంతే ఉంటుంది.”

“నిన్ను అడుక్కోవాలా నేను? కాసేపాగు. మేయరునయ్యాక నీ చోటు కాదు, ఈ సంతే ఉండదు!”

“అలాగా? నేనెక్కడికీ పోను. మేయరువై ఇక్కడికే రా.”

ఎవారిస్తో ఉత్తర్వులో తన పేరు ఇరికించి రాసుకున్నాడు. చర్చిలో పన్నెండు గంటలు మోగడం మొదలైంది. సాంబ్రాణి పొగ సంతను కమ్మేసింది. జనం బొమ్మలు పైకెత్తి కేకలు పెట్టారు. ఆ గోలలో ఆయన ఉత్తర్వును మరలో పెట్టి పిడి నొక్కాడు.

పొగ విడిపోయేసరికి మర నేల మీద పడి ఉంది. ఇలారియా దాన్ని తుడిచి శాలువాలో దోపుకుంది. మళ్లీ వంగి ఇంకేదో ఏరి, బల్ల మీద ఎకేకో బొమ్మ పక్కన నిలబెట్టింది.

“వాడేడక్కా?” అని అటూ ఇటూ వెతికింది బాసిలియా. “అప్పుడే పోయి మేయరు కుర్చీలో కూర్చున్నాడా?”

ఇలారియా కాగితాలు సర్దుకుంటూ కూర్చుంది.

కాసేపటికి ఒక ముసలావిడ వచ్చి బల్ల మీదికి వంగింది. “ఈ మేయరు బొమ్మ భలేగా ఉందే తల్లీ! మీసాలు వణుకుతున్నాయి, కీచుకీచుమని తిడుతోంది కూడా! నాకిస్తావా?”

“ఇవ్వనవ్వా,” అంది ఇలారియా. “ఇస్తే పెరుగుతాడు.”