తాబేలు కాలి తాడు

"ఏమ్మా గైడూ, ఆవిడ మన బృందంలో మనిషేనా?"

గ్వాంగ్‌జౌ నుంచి వచ్చిన లావుపాటాయన గొడుగుతో వెనక్కి చూపించాడు.

"కాదండీ" అంది రుయి, తిరిగి చూడకుండానే.

చూడక్కర్లేదు. బూడిదరంగు గుడ్డ టోపీ, చేతిలో నీళ్ళ సీసా. ఎండాకాలం మొదలైనప్పటి నుంచీ ఆ ముసలావిడ పింగ్యావ్ ఊరి కోట గుమ్మం దగ్గర ప్రత్యక్షమవుతోంది. అడుగుల చప్పుడైనా లేకుండా రుయి పట్టుకున్న గైడు జెండా వెనకే నడుస్తోంది.

"మేం డబ్బు కట్టి వింటున్నాం, ఆవిడ ఊరికే వింటోంది. బాగుంది వరస!"

అందరూ నవ్వారు. రుయి నవ్వలేదు. ఇలాంటి ఫిర్యాదులు ఇదివరకే ఆఫీసుకు వెళ్ళాయి. ఇంకొక్కటి వస్తే జెండా వేరొకరి చేతికిస్తానని మేనేజరు చెప్పేశాడు.

పాత కచేరీ, పాత బ్యాంకు చూపించాక మధ్యాహ్నం భోజనాలకు ఆగారు. బ్యాటరీ బండి తోలే జీ మామ నూడుల్స్ నిండా వెనిగర్ పోసుకుంటూ అన్నాడు.

"ఆవిడ కచేరీ దగ్గర వినదు, బ్యాంకు దగ్గర వినదు. కోట గోడ మీద నువ్వు చెప్పే తాబేలు కథ ఒక్కటే వింటుంది. అది కాగానే మాయం. గమనించావా?"

"గమనించకేం మామా! నేను చెప్తుంటే పెదాలు కదుపుతుంది. ఒకచోట తల అడ్డంగా ఊపుతుంది కూడా. ఊరికే వినేది చాలక తప్పులు పట్టడమొకటి!"

"అయితే ఆ కథ ఎగ్గొట్టు. తనే మానేస్తుంది."

ఆ కథ ఎగ్గొట్టడం రుయికి ఇష్టం లేదు.

ఊరు తాబేలు ఆకారంలో ఉంటుంది. ఆరు గుమ్మాల్లో ఒకటి తల, ఒకటి తోక, నాలుగు కాళ్ళు. తాబేలు ఎక్కడ నడిచిపోతుందోనని వెనక కాలికి తాడేసి ఊరవతల గోపురానికి కట్టారట. అంతవరకూ అందరు గైడ్లూ చెప్పేదే. తర్వాత రుయి కాస్త ఆగి, గొంతు సవరించుకునేది.

"మా అమ్మా అంతే. వెనిగర్ బట్టీలో పనికి పోతూ నా కాలికి ఎర్ర తాడేసి కిటికీకి కట్టేసేది. అందుకే చూడండి, నేనూ ఈ ఊరు దాటలేదు!"

అందరూ ఫక్కున నవ్వేవారు.

నిజానికి ఆ అమ్మ రుయి అమ్మ కాదు. రుయికి ఊహ తెలియకముందే వాళ్ళమ్మ దక్షిణాదిన ఫ్యాక్టరీ పనికి వెళ్ళి తిరిగి రాలేదు. ఆ కథ పాత గైడు హౌ సూయున్ అక్కది. ఆమె వెనక తిరిగే రుయి పని నేర్చుకుంది. గొంతు సవరించుకోవడంతో సహా నేర్చుకుంది. రుయి తైయువాన్‌లో గైడు పరీక్ష రాస్తున్నప్పుడు, మంచులో వ్యాను బోల్తాపడి సూయున్ పోయింది. రుయి వచ్చేసరికి అంతా అయిపోయింది. జెండా మాత్రం మిగిలింది.

సూయున్ నీలం తాడు అనేది. యాత్రికులకు ఎరుపు నచ్చుతుందని రుయి మార్చింది. మిగతాదంతా అక్క మాటే. ఒక్కోసారి తన గొంతులోంచి అక్కే మాట్లాడుతున్నట్టుండేది. చెప్పగా చెప్పగా ఆ అమ్మ కూడా తనకే ఉన్నట్టుండేది.

సాయంత్రం గోడెక్కారు. గాలి ఈడ్చి కొడుతోంది. ముసలావిడ పిట్టగోడకు ఆనుకుని నిలబడింది. లావుపాటాయన ఫోను తీసి ఆవిడ ఫోటో తీశాడు.

అలవాటుగా రుయి గొంతు సవరించుకుంది.

పేరు పెట్టి పిలిచినట్టు ముసలావిడ తలెత్తింది.

రుయి మాట మింగేసింది. "పదండి, బండి ఆగి ఉంది."

కింద దీపాలు వెలిగించారు. ముసలావిడ బండి దాకా వెంట వచ్చింది.

"పిల్లా, ఇవాళ అమ్మ మాట చెప్పలేదేం?"

"అది టికెట్టు కొన్నవాళ్ళకి అవ్వా."

"గొంతు సవరించుకున్నావుగా. చెప్తావనుకున్నా."

"ఇంక చెప్పను. ఎప్పుడూ చెప్పను. మీ వల్ల నా ఉద్యోగం పోయేలా ఉంది!"

ముసలావిడకి కోపం రాలేదు.

"నిజమే. నాకు తోచలేదు తల్లీ" అంది. రెండడుగులు వేసి వెనక్కి తిరిగింది. "గొంతు జాగ్రత్త. పడుకునే ముందు వెనిగర్లో తేనె కలుపుకుని తాగు."

గుమ్మం నీడలోకి వెళ్ళిపోయింది. మళ్ళీ రాలేదు.

ఫిర్యాదులూ రాలేదు. కొన్నాళ్ళకు రుయి మళ్ళీ ఆ కథ చెప్పడం మొదలుపెట్టింది. కానీ గొంతు సవరించుకున్న ప్రతిసారీ చూపు పిట్టగోడ వైపు పోయేది. అక్కడ గాలి తప్ప ఎవరూ ఉండేవారు కాదు.

మొదటి మంచు పడిన రోజు, చేతికి నల్లపట్టీ కట్టుకున్న ఒకామె బండి దగ్గరికి వచ్చింది.

"తాబేలు కథ చెప్పే అమ్మాయివి నువ్వేనా?"

"నేనే. మీరు?"

"మా పెద్దమ్మ పోయింది. బూడిదరంగు టోపీ పెట్టుకునేది, గుర్తుందా? ఇది నీకివ్వమంది. ఎరుపు కాదట, నీలమట. అంతే చెప్పమంది."

రుయి ఆమె ఇచ్చిన గుడ్డ మూట విప్పింది.

లోపల ఏప్రన్‌కుండే నాడా. ఉతికీ ఉతికీ వెలిసిపోయినా నీలమని తెలుస్తోంది. ఒక చివర, రుయి చెయ్యి కూడా పట్టనంత చిన్న ఉచ్చు.

సూయున్ పసికాలు ఎప్పుడో జారిపోయిన ఆ ముడిని వాళ్ళమ్మ ఇన్నేళ్ళూ విప్పలేదు.