విప్పిన నూలు

సంచీ భుజాన వేసుకుని గడప దాటబోతూ మగ్గం కిందకి చూశాను. అక్కడ బుట్ట నిండా వంకీలు తిరిగిన నీలం నూలు. కొత్త నూలు సాఫుగా ఉంటుంది. నేసి విప్పినదే అలా వంకర్లు పోతుంది.

మగ్గం మీదున్నది మా అమ్మ కనిపెట్టిన బట్ట. దాంట్లో ఒక్క వరస విప్పితే ఒక గంట వెనక్కి పోతుంది. ఆ పోయిన గంట విప్పిన మనిషికే గుర్తుంటుంది.

"ఎన్నిసార్లు విప్పావమ్మా?"

"పది."

ఒళ్ళు మండిపోయింది. దూరపు ఊళ్ళో ఉద్యోగం, తొమ్మిదింటికి బస్సు. "అంటే పదిసార్లు బయల్దేరానన్నమాట! నన్నిలా కొంగుకి ముడేసుకుని ఏం బావుకుంటావే?"

అమ్మ తలెత్తలేదు. "అరవకు. ప్రతిసారీ బస్సు దాకా వెళ్తావు. ఎక్కకుండా తిరిగొచ్చి, 'అమ్మా, ఒక్క వరస విప్పవే, ఈసారి తప్పకుండా ఎక్కుతాను' అని కాళ్ళావేళ్ళా పడతావు. నాకు చేతులు పడిపోతున్నాయే తల్లీ."

భుజం మీది సంచీ దించాను.

అమ్మ కత్తెర అందించింది. "బట్టని మగ్గం మీంచి కోసేస్తే ఇక విప్పడానికి వీలుండదు. నీ చేత్తోనే కోసేసి వెళ్ళు."

తీసుకుని పడుగు దారాల మీద ఆనించాను. వీధి చివర బస్సు హారన్ వినిపించింది.

"కొయ్యవే," అంది అమ్మ. "పోయినసారీ ఇలాగే కాసేపు పట్టుకుని, కింద పెట్టేసి వెళ్ళావు."