భుజం తడుముకోని దొంగ

లేని రోగులకు లేని ఆపరేషన్లు చేసినట్టు చూపించి బీమా కంపెనీ సొమ్ము నొక్కెయ్యాలని ఆ ఎముకల ఆస్పత్రి మేనేజరు ఎప్పుడో నిర్ణయించుకున్నాడు. ఇక తేలాల్సింది ఒక్కటే, ఏ రోగం?

ప్రాణం తీసే రోగమైతే వాకబు చేస్తారు. విరిగిన ఎముకైతే ఎక్కడ పడ్డాడు, ఎవరు చూశారు అని ఆరా తీస్తారు. ఆలోచించి ఆలోచించి భుజం ఎముకలో వచ్చే నీటితిత్తి దగ్గర ఆగాడు. పాపం, సాధువులాంటి రోగం. చాలామందికి నొప్పి ఉండదు, ఉన్నట్టే తెలియదు. ఇంకెందుకో ఎక్స్‌రే తీస్తే బయటపడుతుంది. లోపల గోకి ఎముక పొడి నింపామంటే కాదనేవాడు ఉండడు.

పట్టుబడితే జైలే. అయితే ఆ జైలుకు తనే వెళ్లాలని ఎక్కడుంది? ఆస్పత్రిలో అందరూ ఆయన్ని చాటుగా 'జారుడుబండ' అనేవారు. ఏ తప్పయినా ఆయన మీద పడ్డట్టే పడి, సర్రున జారి కిందున్నవాళ్ల నెత్తిన పడేది. గుమ్మడికాయల దొంగ అంటే ఎవడైనా భుజాలు తడుముకుంటాడు. ఈయన మాత్రం పక్కవాడి భుజం తడిమి చూపిస్తాడు. కిందటిసారి స్టోరులో మందులు మాయమైనప్పుడు అక్కడి ముసలాయన ఉద్యోగం ఊడింది, మేనేజరు కొత్త కోటు కుట్టించుకున్నాడు. చిన్నప్పుడు సైకిలు నేర్చుకుంటూ పడ్డప్పట్నుంచీ ఒక భుజం కాస్త వాలి ఉంటుందని, ఆ వైపు దర్జీ చేత రెండు పొరలు దూది ఎక్కువ పెట్టించాడు కూడా.

ఈసారి నెత్తి ఎవరిదో ముందే చూసి పెట్టుకున్నాడు. మెట్ల కింది గదిలో కూర్చునే కోడర్ అమ్మాయి. డాక్టర్లు రాసిన ప్రతి రోగాన్నీ ఒక కోడ్‌గా మార్చి బీమా కంపెనీకి పంపడం ఆమె పని. నోట్లో నాలుక లేని మనిషి. చేరిన కొత్తలో ఒకసారి ఏదో కవరు పట్టుకుని "సార్, మీతో ఒక్క మాట" అంటూ వస్తే, "తరవాత, తరవాత" అని ఈగను తోలినట్టు తోలేశాడు. మళ్లీ ఆ ఊసెత్తలేదు. అలాంటివాళ్లే కదా కావలసింది.

ఒక మధ్యాహ్నం ఆమెను తన గదిలోకి పిలిపించాడు. గోడ నిండా ఆయన ఫొటోలే. ఆస్పత్రికి ఏది కొత్తగా వచ్చినా బోణీ తనే చెయ్యాలి. కొత్త లిఫ్టులో ఒకటి, కొత్త అంబులెన్సు స్టీరింగు పట్టుకుని ఒకటి, కొత్త ఎక్స్‌రే మెషిన్ ముందు ఒకటి, ఆఖరికి కొత్త ఏసీ కింద కూడా ఒకటి.

"చూడమ్మా, భుజంలో తిత్తి ఉన్న ఎక్స్‌రే ఒకటి కావాలి. ఎవరిదైనా పర్లేదు. పేర్లు నేనిస్తా, కోడ్లు నువ్వెయ్యి. కాదంటావా, గేటు ఎటుందో తెలుసుగా?"

ఆమె వేళ్లు చూసుకుంది. "ఒకటుంది సార్. తీయించుకున్నాయన మళ్లీ అడగనే లేదు."

"భేష్! అడగనివాడిదే మనక్కావాలి."

"కాకపోతే అది ఎడమ భుజం సార్. అందరికీ ఎడమ కోడే పడుతుంది."

"అన్నీ ఎడమైతే అనుమానం రాదూ? సగం కుడివి వేసెయ్."

"కోడ్ చివర ఒకటుంటే కుడి, రెండుంటే ఎడమండీ. ఎక్స్‌రే ఎడమది. నేను తప్పు కోడ్ వెయ్యను." ఆ మాట మాత్రం తలెత్తి చెప్పింది.

మేనేజరుకు నవ్వాగలేదు. రోగి అబద్ధం, ఆపరేషన్ అబద్ధం, ఈ పిల్లకు అంకె మాత్రం నిజం కావాలట!

"సరే తల్లీ, నీ చాదస్తం నీది," అన్నాడు.

ఆ తరవాత ఊళ్లో ఎడమ భుజాలన్నిటికీ తిత్తులు మొలిచాయి. సొమ్ము వస్తూనే ఉంది. మేనేజరు ఈలలు వేసుకుంటూ తిరిగాడు, బీమా కంపెనీ తనిఖీ ఆఫీసరు పోలీసును వెంటబెట్టుకుని వచ్చేదాకా.

ఆఫీసరు బల్ల మీద ఎక్స్‌రేలు పరిచాడు. "ఇన్ని పేర్లు, భుజం మాత్రం ఒక్కటేనండీ. అదే తిత్తి. మెడ కింది ఎముక ఎప్పుడో విరిగి, ఇదిగో, వంకరగా అతుక్కుంది. అన్నిట్లోనూ ఇదే వంకర."

మేనేజరు గుండె మీద చెయ్యి వేసుకున్నాడు. "అయ్యయ్యో! కోడ్లన్నీ మా అమ్మాయే వేస్తుంది సార్. కన్నకూతురిలా చూసుకున్నాను, ఎంత పని చేసింది!"

కోడర్‌ను పిలిపించారు. ఆమె గోడవారగా నిలబడింది. "కోడ్లు నేనే వేశాను. పేర్లు సారిచ్చారు."

"విన్నారా నంగనాచి మాటలు! నేనిచ్చానా? సాక్ష్యమేదీ?"

"ఈ భుజం ఎవరిదమ్మా?" అన్నాడు ఆఫీసరు.

ఆమె ఒకసారి ఆఫీసరు వైపు చూసి తల దించుకుంది. మేనేజరుకు ప్రాణం లేచొచ్చింది. "ఇంకెవరిది సార్, వాళ్లన్నదో బావదో అయ్యుంటుంది! తన ఎముకనిచ్చి ఇంత నాటకం ఆడించినవాడే అసలు దొంగ. ముందు వాణ్ని లోపలెయ్యండి!"

"అంటే ఈ భుజం గలాయనే దొంగంటారు. అలాగే రాసుకోమంటారా?"

"రాసుకోండి, సంతకం కూడా పెడతాను," అని బరబరా గీకేశాడు.

ఆఫీసరు ఆ కాగితం జాగ్రత్తగా మడిచి జేబులో పెట్టుకుని, ఇక చెప్పమన్నట్టు ఆమె వైపు తల ఊపాడు. ఆమె పాత కవరొకటి తెచ్చి మేనేజరు ముందు పెట్టింది.

"చేరిన కొత్తలో ఇది మీకిద్దామనే వచ్చాను సార్, మీకు తీరిక లేకపోయింది. కంగారు పడకండి, ప్రమాదం లేని తిత్తే, కొత్త మెషిన్‌కి మీరు బోణీ చేసిన రోజే కనపడింది," అందామె, జారుడుబండ జన్మలో మొదటిసారి తన భుజం తనే తడుముకున్నాడు.