గడ్డం కాస్త ఎత్తండి

“గడ్డం కాస్త ఎత్తండి” అన్నాడు ఫోటోగ్రాఫరు, తను మాత్రం తల ఎత్తకుండా.

అతని ఎడమచేతిలో ఫోన్ ఉంది. ఫోన్‌లో డేటింగ్ యాప్ ఉంది. యాప్‌లో ఒకమ్మాయి ముఖం ఉంది. ఆ ముఖాన్ని రెండు వేళ్లతో సాగదీసి సాగదీసి ముక్కు పక్కన ఆగాడు. నీడ పడాల్సిన చోట నీడ లేదు. అంటే ముక్కును సన్నం చేశారన్నమాట. పెదవి విరిచి ఆ అమ్మాయిని పక్కకు తోసేశాడు. ఆ ఉదయానికి ఆమె పదకొండోది.

స్టూల్ మీద కూర్చున్న కస్టమర్ దగ్గడంతో గుర్తొచ్చి, కుడిచేత్తో మీట నొక్కాడు. కెమెరా స్టాండు మీద బిగించి ఉంది. లైట్లు ఎక్కడివక్కడే ఉన్నాయి. పన్నెండేళ్లుగా అదే స్టూలు, అదే దూరం. పాస్‌పోర్టు సైజు ఫోటో తీయడానికి అతనికి కళ్లతో పనిలేదు.

తర్వాత కంప్యూటర్ ముందు కూర్చుని, ఆ పూట తీసిన ముఖాలన్నీ మొటిమా మరకా లేకుండా వరసగా శుభ్రం చేశాడు. అలా చెయ్యమని ఎవరూ అడగరు, చేస్తే ఎవరూ వద్దనరు. చెయ్యి దాని పని అది చేసుకుపోతుంటే, మనసు మళ్లీ యాప్‌లోకి వెళ్లిపోయింది.

ఫోటోలు కత్తిరించి కవర్లలో పెట్టడం, కావాలన్నవాళ్లకు ఫోన్‌లోకి పంపడం అక్క పని. తమ్ముడికి ‘భూతద్దం’ అని పేరు పెట్టింది కూడా ఆవిడే.

“ఒరేయ్ భూతద్దం, ముప్పై ఆరొచ్చాయిరా నీకు. నువ్విలా ముక్కులూ చెవులూ కొలుస్తూ కూర్చుంటే యాప్‌లో అమ్మాయిలు అయిపోతారు” అంది.

“మోసపోవడం కన్నా నయమేగా అక్కా.”

ఆ మాట ఎక్కడి నుంచి వచ్చిందో అక్కకు తెలుసు. రెండేళ్ల కిందట ఒకామె యాప్‌లో పదేళ్ల నాటి ఫోటో పెట్టింది. కలుద్దామన్న రోజున ఆమె పక్క టేబుల్ దగ్గరే ఉన్నా పోల్చుకోలేక, ఇతను గంటసేపు గుమ్మం వైపు చూస్తూ కూర్చున్నాడు. ఇంటికొచ్చాక రెండు రోజులు ముద్ద దిగలేదు. ఒంటరితనం అతన్ని తినేస్తోంది, అది నిజం. కానీ మరోసారి అలాంటి దెబ్బ తినే ఓపిక లేదు. అందుకే పాత ఫోటో గానీ దిద్దిన ఫోటో గానీ పెట్టినవాళ్లతో మాటే వద్దని ఒట్టు పెట్టుకున్నాడు.

అక్కతో ఆ మాటలైన వారం తిరక్కుండానే యాప్‌లో ఒక ఫోటో కనిపించింది. వెనక సముద్రం లేదు, ఒళ్లో కుక్కపిల్ల లేదు. తెల్లటి తెర, తిన్నగా చూసే రెండు కళ్లు, అంతే. ఎంత సాగదీసినా ఎక్కడా చెయ్యి పడిన జాడ లేదు. కల్తీ లేని ముఖమంటే ఇదీ అని అక్కకు చూపించి మురిసిపోయాడు.

అక్క ఆ ఫోటోను కాస్త ఎక్కువసేపే చూసింది.

“వెళ్లి కలువు” అని మాత్రం అని, మళ్లీ కత్తెర పట్టుకుంది. ఆవిడ రెండు మాటలతో ఊరుకోవడం చాలా అరుదు.

మూడు వారాలు మెసేజ్‌లు నడిచాయి. రక్తపరీక్షల ల్యాబ్‌లో ఈమధ్యే చేరానని ఆమె రాసింది. ఫోటోలు తీస్తానని ఇతను రాశాడు. అయితే మనుషుల్ని బాగా చూస్తారన్నమాట అని ఆమె అడిగితే, చూడటమే నా వృత్తి అని గొప్పలు పోయాడు. అటు నుంచి పగలబడి నవ్వే బొమ్మలు మూడు వచ్చాయి. తన చమత్కారం నచ్చిందనుకున్నాడు పాపం.

ఆదివారం సాయంత్రం కాఫీ షాపులో కలిశారు. ఇస్త్రీ చొక్కా నలగకుండా నిటారుగా కూర్చున్నవాడు, ఆమె దగ్గరకు రాగానే డీలా పడిపోయాడు. ఆమె ఎడమ బుగ్గ మీద మిరియపు గింజంత పుట్టుమచ్చ ఉంది. నిజం చెప్పాలంటే ఆ ముఖానికి అదే అందం. కానీ ఫోటోలో అది లేదు.

“ఆ మచ్చ ఫోటోలో లేదండి” అన్నాడు, ఆమె ఇంకా కూర్చోకముందే.

“లేదు కదూ! నేనైతే తియ్యలేదండి” అంది ఆమె తాపీగా కుర్చీ లాక్కుంటూ.

అది ఉద్యోగంలో గుర్తింపు కార్డు కోసం తీయించుకున్న ఫోటో అని చెప్పింది. స్టూడియోవాళ్లే ఒక్క మాటైనా అడక్కుండా మచ్చ తుడిచేశారట. ల్యాబ్ గేటు దగ్గర వాచ్‌మన్ రోజూ కార్డు చూసి, ఆమెను చూసి, ఇది మీ చెల్లెలిదా అంటున్నాడట. తన ఫోన్‌లో కాస్త మంచి ఫోటో అదొక్కటే ఉంటే, యాప్‌లోనూ అదే పెట్టిందట.

అతనికి పోయిన ప్రాణం లేచొచ్చింది. ఆమె అబద్ధమాడలేదు. ఆ ఆనందం క్షణంలో కోపమై ఆ స్టూడియో మీదకు మళ్లింది. మనిషి ముఖం మీద అడక్కుండా చెయ్యి వెయ్యడానికి వాడెవడన్నాడు. ఇలాంటివాళ్ల వల్లే తమ వృత్తికి చెడ్డపేరన్నాడు. ఆ ఘనుడెవడో చెబితే రేపే వెళ్లి దులిపేస్తానన్నాడు. ఆమె అన్నీ శ్రద్ధగా వింది.

అంతటితో ఆగక ఫోన్ తీశాడు. ఆ ఫోటోను రెండు వేళ్లతో సాగదీసి, ఎడమ బుగ్గంతా గాలించాడు. ఎక్కడా అతుకు దొరకలేదు.

“ఎవడోగానీ గట్టి పనివాడే” అని తల దించుకునే ఒప్పుకున్నాడు.

ఆమె చెయ్యి చాపి అతని ఫోన్‌ను అరచేత్తో మూసేసింది.

“ఆ రోజు మీ స్టూల్ మీద కూర్చుని దగ్గింది నేనేనండీ, ఇప్పుడైనా మీరు గడ్డం కాస్త ఎత్తండి.”