తాతకిచ్చిన సీసా

లోకమంతా నాశనమయ్యాక మిగిలిన కొద్దిమంది బతుకుపాట్లే కన్యక ఆడుతున్న ఆ వీడియో గేమ్. అందులో కన్యక తన ఆఖరి సీసా నీళ్ళు, దారిపక్కన దగ్గుతూ కూర్చున్న ఒక తాతకు ఇచ్చేసింది. ఆయన సీసా పెదవికి తగలకుండా ఎత్తి, గటగటా తాగి, "నీ వాకిట కాపలా ఉంటా తల్లీ" అన్నాడు. కాసేపటికే గేమ్‌లో కన్యక దాహంతో చచ్చిపోయింది. ఆట ముగిసింది.

"ఎందుకిచ్చినావక్కా? ఆయన ఎట్లయినా పోయేవాడే గదా!" అన్నాడు తనతో కలిసి ఆడుతున్న తమ్ముడు కేశవ్ ఫోన్‌లో.

"అడిగినాడు గదరా. లేదని ఎట్లా చెప్పేది?"

లైటు ఆర్పి పడుకుంది. తిరువొత్తియూరులోని ఆ మేడమీద వాటాలో ఆ రాత్రి ఆమె ఒక్కతే. కునుకు పట్టేలోగా ఎవరో తలుపు సందులో ఇనుప చువ్వ దూర్చి పెకలించసాగారు. కన్యక మంచం మీద లేచి కూర్చుంది.

అప్పుడు తలుపు అవతల దగ్గు వినిపించింది. గేమ్‌లో విన్న ఆ పొడిదగ్గే. చువ్వ ఠంగున కింద పడింది. ఎవరో కెవ్వున అరిచి, మెట్లు దిగి పరుగెత్తారు. ఆపైన చడీచప్పుడూ లేదు.

కన్యక చెంబు నిండా నీళ్ళు ముంచింది. తలుపు ఓరగా తీసి గడప అవతల పెట్టింది. "నీ మేలు మరిచేదాన్ని కాదు తాతా" అని గడియ వేసుకుంది.

గటగటా తాగిన చప్పుడు. ఖాళీ చెంబు నేలమీద పెట్టిన చప్పుడు. రెండూ గదిలోనే, ఆమె వెనకే.

కన్యక తిరిగి చూడలేదు. తలుపుకేసి ముఖం పెట్టి నిలబడే చేతులు జోడించింది.

"ఇంకొంచెం పోసేదా తాతా?"